జప్తు నోటీసు అంటించే ముందు ఎవరైనా పట్టాదారు పాస్‌బుక్ చూశారా?

కోర్టు వరండాలో క్లెయిమ్ పిటిషన్ (జప్తయిన ఆస్తి నాదంటూ మూడో మనిషి వేసేది) పేరెత్తగానే ముందు వినిపించేది నవ్వు. "ఈసారి ఎవర్ని దింపారండీ? బావమరిదినా, భార్యనా?" అని డిక్రీదారు, అంటే బాకీ దావా గెలిచినవాడి తరఫు వకీలు అడుగుతారు. అవతలి వకీలు కూడా నవ్వేసి ఊరుకుంటారు. ఆ నవ్వు ఊరికే పుట్టలేదు. బాకీ కోసం ఏళ్ళ తరబడి దావా నడిపి, డిక్రీ తెచ్చుకుని, ఈపీ (ఆ డిక్రీని అమలు చేయమనే పిటిషన్) వేసి, పొలమో ఇల్లో జప్తు చేయించి, తీరా వేలం తేదీ దగ్గర పడ్డాక ఎవరో ఊడిపడి "ఆ ఆస్తి బాకీదారుది కాదు, నాది" అంటే డిక్రీదారు కడుపు మండకుండా ఎలా ఉంటుంది?

సివిల్ పనిలో ఉన్నందువల్ల నేను రెండు వైపులా కూర్చున్నాను. దొంగ క్లెయిములు చూశాను, కాదనను. కానీ ఆ నవ్వు వెనక ఉన్న నమ్మకంతో నాకు పేచీ ఉంది. క్లెయిమ్ వేసిన ప్రతివాడూ బాకీదారు పంపిన మనిషే అన్న అనుమానంతోనే మన అమలు కోర్టుల్లో విచారణ మొదలవుతోంది. అసలు ఆ ఆస్తి బాకీదారుదేనని జప్తు రోజున ఎవరైనా చూశారా అన్న ప్రశ్న మాత్రం ఎవరూ వేయరు. నిజమైన క్లెయిముల్లో చాలావాటికి కారణం ఆ చూడకపోవడమే. చూడటానికి చట్టంలో దారి లేదా అంటే, సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 1908 నుంచీ ఉంది.

జప్తు ఎలా జరుగుతుందో కొంచెం దగ్గరగా చూద్దాం. ఈపీకి వెనక ఒక షెడ్యూలు ఉంటుంది. సర్వే నంబరు, విస్తీర్ణం, నాలుగు హద్దులు. ఇవి ఎక్కడి నుంచి వచ్చాయి? చాలాసార్లు ప్రామిసరీ నోటు రాసిన రోజుల్లో బాకీదారు తనకు ఇంత ఉందని చెప్పుకున్న మాటల నుంచి, లేదా ఆ ఊళ్ళో ఎవరో చెప్పిన దాని నుంచి. గుమస్తా టైపు చేస్తాడు. కింద "పై విషయాలు నాకు తెలిసినంత వరకు, నా నమ్మకం మేరకు నిజం" అని డిక్రీదారు సంతకం. ఆ కోడ్‌లోని ఆర్డర్ 21, రూల్ 13 అడిగేది కూడా అంతే: ఆస్తి వివరం, అందులో బాకీదారుకి ఉన్న వాటా, దరఖాస్తుదారు నమ్మకం మేరకు. కోర్టు జప్తు ఉత్తర్వు ఇస్తుంది. అమీన్ (కోర్టు ఉత్తర్వులు అమలు చేసే ఉద్యోగి) వెళ్ళి దండోరా వేయించి, ఆస్తి మీద కనబడే చోట కాగితం అంటిస్తాడు. కోర్టు నోటీసు బోర్డు మీదా ఒకటి, శిస్తు కట్టే భూమి అయితే కలెక్టరు కార్యాలయంలోనూ, ఊళ్ళో అయితే పంచాయతీ ఆఫీసులోనూ ఒక్కొక్కటి. రూల్ 54 ప్రకారం అక్కడికి పని పూర్తయినట్టే.

ఆ ఇంట్లో ఉంటున్నవాళ్ళకి సంగతి తెలిసేది గోడ మీది కాగితం చూశాకే. ఆ ఇల్లు వాళ్ళు ఎప్పుడో కొనుక్కున్నదై ఉండొచ్చు. అన్నదమ్ముల పంపకంలో వచ్చిందై ఉండొచ్చు. ఎవరి బాకీయో, ఎంత బాకీయో వాళ్ళకి తెలియదు. ఇక మొదలు టెన్షన్.

సామాన్ల జప్తు ఇంకో రకం. స్థిరాస్తికి కాగితం అంటిస్తారు, చరాస్తిని మాత్రం పట్టుకుపోతారు. అమీన్ గుమ్మంలో నిలబడి జాబితా రాస్తుంటాడు: ఫ్రిజ్ ఒకటి, టీవీ ఒకటి, కుట్టు మిషన్ ఒకటి. కోడలు లోపలికి పరుగెత్తి బీరువా కింది అర వెతికి, మడతలు పడ్డ బిల్లు తెచ్చి చూపిస్తుంది. ఫ్రిజ్ పెళ్ళప్పుడు పుట్టింటివాళ్ళు కొనిచ్చింది, బిల్లు వాళ్ళ నాన్న పేరు మీద ఉంది. అమీన్ బిల్లు చూసి, "అమ్మా, నాకు చూపించి లాభం లేదు, కోర్టులో చెప్పుకో" అంటాడు. అతని మాటలో తప్పు లేదు. హక్కు ఎవరిదో తేల్చే అధికారం అతనికి లేదు. వారంట్‌లో "బాకీదారు ఇంట్లోని చరాస్తి" అని ఉంటే, బాకీదారు ఇంట్లో ఉన్నదే రాస్తాడు. ఆ కోడలికి కుట్టు మిషనే జీవనాధారం అనుకోండి. చేతివృత్తివాళ్ళ పనిముట్లు, వంట గిన్నెలు, పక్కబట్టలు, ఆచారం ప్రకారం ఆడవాళ్ళు ఒంటి మీంచి తీయకూడని నగలు జప్తు చేయరాదని అదే కోడ్‌లోని సెక్షన్ 60 చెబుతుంది. కానీ ఆ సెక్షన్ కాపాడేది బాకీదారు పనిముట్లని. కోడలు బాకీదారు కాదు. కాబట్టి ఆమె "ఇది మినహాయింపు కిందికి వస్తుంది" అనడం కంటే "ఇది నాది" అని క్లెయిమ్ వేయడమే సరైన దారి. ఈ తేడా తెలియక తప్పు పిటిషన్ వేసి నెలలు పోగొట్టుకున్నవాళ్ళు ఉన్నారు.

ఇప్పుడు ఆ దారి సంగతి. కోడ్‌కి 1976 సవరణ రాకముందు క్లెయిమ్ పిటిషన్ విచారణ పైపైనే జరిగేది. జప్తు నాటికి ఆస్తి ఎవరి స్వాధీనంలో ఉంది, ఎవరి తరఫున ఉంది అన్నదే చూసేవారు. హక్కు జోలికి పోయేవారు కాదు. ఓడిన పక్షం ఏడాదిలోగా వేరే దావా వేసుకోవాలి. అంటే ఒకే తగువు రెండుసార్లు. ఆ సవరణ 1977 ఫిబ్రవరి 1న అమల్లోకి వచ్చాక కథ మారింది. రూల్ 58 ప్రకారం హక్కు, స్వత్వం అన్నీ ఆ అమలు కోర్టే తేల్చాలి, వేరే దావా కుదరదు. ఆ ఉత్తర్వు డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు ఉంటుంది. జప్తు మొత్తం ఎత్తేయొచ్చు, కొంత భాగానికే ఎత్తేయొచ్చు, లేదా మూడో మనిషి తనఖా హక్కుకి లోబడి జప్తు కొనసాగించవచ్చు.

మంచి మార్పే. అయితే దీనివల్ల క్లెయిమ్ పిటిషన్ అచ్చంగా ఒక దావా అయి కూర్చుంది. సాక్షులు, దస్తావేజులు, క్రాస్ ఎగ్జామినేషన్, వాదనలు. ఈపీ అక్కడే ఆగిపోతుంది. ఆ ఆగడమే లక్ష్యంగా క్లెయిమ్ వేయించే బాకీదారులు కూడా ఆ సవరణ పుణ్యమే.

డిక్రీదారు కష్టాన్ని నేను తేలిక చేయడం లేదు. మన దేశంలో కక్షిదారు కష్టాలు డిక్రీ వచ్చాకే మొదలవుతాయని ప్రివీ కౌన్సిల్ (బ్రిటిష్ కాలపు అత్యున్నత అప్పీలు కోర్టు) 1872లోనే అంది. అమలు పిటిషన్లు ఆరు నెలల్లో ముగించాలని సుప్రీంకోర్టు 2021లో ఆదేశించింది. 2025లో అదే సుప్రీంకోర్టు లెక్కలు తెప్పించుకుంటే దేశమంతా కలిపి 8 లక్షల 80 వేలకు పైగా అమలు పిటిషన్లు పెండింగ్‌లో తేలాయి. ఈ అంకె చూపించి "అందుకే క్లెయిములు కఠినంగా తిప్పికొట్టాలి" అనేవాళ్ళు చాలామంది. నాకు మాత్రం అదే అంకె ఇంకోలా కనిపిస్తుంది. తప్పు ఆస్తిని జప్తు చేసిన ప్రతి ఈపీ, ఒక కొత్త దావాని కడుపులో పెట్టుకునే పుడుతుంది.

మరి నిజమైన క్లెయిమ్ ఏది, దొంగది ఏది? తొంభై పాళ్ళు తేదీలే తేలుస్తాయి. జప్తు తేదీకి ముందా, తర్వాతా?

జప్తు తర్వాత బాకీదారు ఆ ఆస్తిని ఎవరికి అమ్మినా ఆ జప్తు కింద రావలసిన బాకీ మేరకు అమ్మకం చెల్లదు. ఇది సెక్షన్ 64. జప్తుకి ముందే రిజిస్టరు అయిన అమ్మకానికి ఢోకా లేదు. చిక్కంతా మధ్యలో ఉన్నవాళ్ళది. దస్తావేజు రాసి సంతకాలు చేసింది జప్తుకి ముందు, రిజిస్ట్రేషన్ అయింది జప్తు తర్వాత. అప్పుడు? రిజిస్ట్రేషన్ చట్టం సెక్షన్ 47 ప్రకారం దస్తావేజు అమలులోకి వచ్చేది రాసుకున్న నాటి నుంచి, రిజిస్టరు అయిన నాటి నుంచి కాదు. కాబట్టి కొన్నవాడే గెలుస్తాడు. సుప్రీంకోర్టు కూడా ఇదే ఖాయం చేసింది. కానీ ఈ సంగతి తెలియని కొనుగోలుదారు, ఈసీలో (ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీలు చూపే ఎన్‌కంబ్రెన్స్ సర్టిఫికెట్) వరస చూసుకుని "అయ్యో, జప్తు ముందు పడింది" అని రాజీకి పరుగెత్తుతాడు. డిక్రీదారు తరఫువాళ్ళు ఆ భయాన్ని బాగానే వాడుకుంటారు.

ఇంకా చిక్కు అగ్రిమెంటు మాత్రమే చేతిలో ఉన్నవాళ్ళది. అమ్మకపు ఒప్పందం వల్ల ఆస్తి మీద స్వత్వం రాదు, నిజమే. అయినా జప్తుకి ముందు నిజంగా కుదిరిన ఒప్పందానికి ఆ జప్తు లోబడే ఉంటుందని తీర్పులు ఉన్నాయి. ఎందుకంటే జప్తు పట్టుకునేది బాకీదారుకి ఆ ఆస్తిలో మిగిలిన హక్కునే. అతను అప్పటికే ఒకరికి మాటిచ్చి అడ్వాన్సు తీసుకుని ఉంటే, అతనికి మిగిలింది ఆ మాటకి కట్టుబడ్డ హక్కు. 2002 సవరణతో సెక్షన్ 64కి చేర్చిన రెండో భాగం, జప్తుకి ముందే రిజిస్టరు అయిన ఒప్పందం ప్రకారం తర్వాత జరిగిన అమ్మకాన్ని స్పష్టంగా కాపాడింది. రిజిస్టరు కాని అగ్రిమెంటు పట్టుకుని వచ్చినవాడి మీద మాత్రం అనుమానం తప్పదు, తప్పకూడదు కూడా. ఎందుకో చెబుతాను.

అలాంటి క్లెయిమ్‌దారుని బోనులో చూడండి. అగ్రిమెంటు తేదీ జప్తుకి సరిగ్గా కొంచెం ముందు. స్టాంపు పేపరు వెనక అమ్మిన తేదీ చూస్తే అగ్రిమెంటు తేదీ కంటే తర్వాతిది! ఇది తరచూ జరగదు గానీ జరిగితే ఆ రోజు వకీలుకి పండగే. ఎక్కువసార్లు జరిగేది ఇంకోటి. "డబ్బు ఎలా ఇచ్చారు?" "నగదుగా." "బ్యాంకులోంచి తీశారా?" "ఇంట్లో ఉంది." "అంత డబ్బు ఇంట్లో ఎందుకుంది?" "పంట అమ్మింది." "ఏ ఏడు పంట?" అక్కడ ఆగుతాడు. సాక్షి సంతకం చేసినవాడు బాకీదారు తోడల్లుడు. దస్తూరీ చేసినాయన చనిపోయారు. కొన్నానంటున్న ఇంట్లో కరెంటు బిల్లు ఇంకా బాకీదారు పేరు మీదే వస్తోంది. ఇలాంటప్పుడు ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 53 ఉంది: అప్పులవాళ్ళని ఎగ్గొట్టే ఉద్దేశంతో చేసిన బదిలీని అప్పులవాళ్ళు రద్దు చేయించవచ్చు. అదే సెక్షన్, మంచి మనసుతో డబ్బు పెట్టి కొన్నవాడికి మాత్రం రక్షణ ఇస్తుంది. ఇప్పుడు ఇంకో తలనొప్పి కూడా తోడైంది. ఏ లావాదేవీలోనైనా రెండు లక్షలో అంతకు మించో నగదు ఇచ్చామని ఎవరైనా దావాలో చెబితే ఆ సంగతి ఆదాయపు పన్ను శాఖకి తెలియజేయాలని సుప్రీంకోర్టు 2025 ఏప్రిల్‌లో ఆదేశించింది. "ఇంట్లో ఉంది" అన్న జవాబు ఇక అంత చవకగా రాదు.

కుటుంబం లోపలి నుంచి వచ్చే క్లెయిముల గురించి ఒక మాట, ఎందుకంటే నవ్వు ఎక్కువగా వాటి మీదే. "నాన్న బాకీకి నా వాటా ఎందుకు పోవాలి?" అని కొడుకు వస్తాడు. పాత రోజుల్లో తండ్రి అప్పు తీర్చడం కొడుకు ధర్మం. తప్పించుకోవాలంటే ఆ అప్పు దుర్వ్యసనాల కోసం చేసిందని రుజువు చేయాలి. అందుకని కొడుకులే కోర్టుకెక్కి తండ్రి తాగుబోతనీ జూదగాడనీ సాక్ష్యం చెప్పేవారు, పాపం ఆ తండ్రి పక్కనే కూర్చుని వింటుండగా. 2005 హిందూ వారసత్వ సవరణ, ఆ తర్వాత చేసిన అప్పులకి ఆ ధర్మం పేరుతో మాత్రమే కొడుకుల మీద పడకూడదని తేల్చింది. అలాగని కుటుంబ అవసరానికి కర్తగా, అంటే ఉమ్మడి కుటుంబ పెద్దగా తండ్రి చేసిన అప్పు కొడుకు వాటాని తాకదని కాదు. ఇక కూతుళ్ళ వాటా: కేంద్రం 2005లో ఇచ్చినదాన్ని ఆంధ్రప్రదేశ్ 1985 సెప్టెంబరు 5 నుంచే, అప్పటికి పెళ్ళికాని కూతుళ్ళకి ఇచ్చింది. అంటే ఉమ్మడి ఆస్తి మొత్తాన్ని తండ్రిదిగా రాసి జప్తు చేయించిన డిక్రీదారు, ఆ ఇంటి ఆడపిల్లల వాటాలని కూడా జప్తు చేయించినట్టే. ఆ పిల్ల క్లెయిమ్ వేస్తే "తండ్రి పంపాడు" అంటారు. పంపి ఉండొచ్చు. పంపినంత మాత్రాన ఆమె వాటా ఆవిరైపోదు కదా!

సరే, దొంగ క్లెయిమ్‌కి శిక్ష ఏమిటి? సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 35ఏ కింద తప్పుడు క్లెయిముకి నష్టపరిహారపు ఖర్చులు వేయవచ్చు, అమలు విచారణల్లో కూడా. గరిష్ఠం మూడు వేల రూపాయలు. వాణిజ్య వివాదాలకి ఈ పరిమితి తీసేశారు గానీ మామూలు బాకీ దావాలకి 1976 నాటి మూడు వేలే. ఏళ్ళ తరబడి వేలం ఆపగలిగినవాడికి మూడు వేలు ఒక లెక్కా? జప్తు తప్పించడానికి ఆస్తి తనదని మోసంగా చెప్పడం నేరమని పాత ఐపీసీ 207లో ఉండేది, రెండేళ్ళ దాకా జైలు. కొత్త న్యాయ సంహితలోకీ ఆ నేరం వచ్చింది. వాడినవాళ్ళని నేను చూడలేదు.

రెండో వైపు మరీ అన్యాయం. తీర్పుకి ముందే ఆస్తి జప్తు చేయించి, అది సరైన కారణం లేకుండా చేయించిందని తేలితే సెక్షన్ 95 కింద యాభై వేల దాకా పరిహారం ఇప్పించవచ్చు. ఎవరికి? ప్రతివాదికి. సంబంధమే లేని మూడో మనిషికి ఆ సెక్షన్‌లో చోటు లేదు. అతను కావాలంటే వేరే దావా వేసుకోవాలి. తన ఆస్తిని తనదేనని రుజువు చేసుకోవడానికి వకీలు ఫీజూ, వాయిదాలూ భరించి గెలిస్తే, చివరికి అతనికి దక్కేది ముందు నుంచీ తనదే అయిన ఆస్తి.

అందుకే నా వాదన: వడపోత క్లెయిమ్ దగ్గర కాదు, జప్తు దగ్గర జరగాలి. రూల్ 13 పక్కనే రూల్ 14 ఉంది. కలెక్టరు రికార్డులో ఉన్న భూమిని జప్తు చేయమని అడిగితే, ఆ భూమి ఎవరి పేరు మీద ఉందో చూపే ధ్రువీకృత నకలు తెమ్మని కోర్టు అడగవచ్చు. "అడగవచ్చు" అని ఉంది కాబట్టి మామూలుగా అడగరు. ఈసీ కూడా అంతే. వేలం ప్రకటన సిద్ధం చేసేటప్పుడు గుర్తొస్తుంది, అప్పటికి జప్తయి ఎన్నాళ్ళో అయి ఉంటుంది. అదే ఈసీని, అడంగల్‌ని (ఊరి భూమి సాగు రికార్డు), పాస్‌బుక్ వివరాన్ని జప్తు దరఖాస్తుతోనే పెట్టమంటే డిక్రీదారుకి పోయేదేముంది? ఆన్‌లైన్లో దొరికేవే. రికార్డులో వేరేవాళ్ళ పేరుంటే, ఆ పేరుగల మనిషికి జప్తు నోటీసు ఒకటి పంపమంటున్నాను. దండోరాకి బదులు కాదు, దండోరాతో పాటు.

దీనికి మా వకీళ్ళలో వచ్చే అభ్యంతరం తెలుసు. ముందే వాకబు చేస్తే బాకీదారుకి పొక్కి ఆస్తి చేతులు మారుస్తాడంటారు. బాకీదారుని పిలిచి ఆస్తుల అఫిడవిట్ ఇమ్మని అడిగే రూల్ 41 విషయంలో ఆ భయం నిజమే. కాబట్టి దాన్ని జప్తు తర్వాతకి ఉంచండి. పబ్లిక్ రికార్డు తీసి చూస్తే బాకీదారుకి ఎలా పొక్కుతుంది? ఇంకో అభ్యంతరం, పాస్‌బుక్‌లో పేరున్నంత మాత్రాన హక్కుదారు కాదని. కాదు. బాకీదారు బినామీ పేరు మీద పెట్టి ఉండొచ్చు కూడా. నేను హక్కు తేల్చమనడం లేదు. ఆ పేరు కళ్ళ ముందు ఉండగా జప్తు చేయమంటున్నాను. అప్పుడు బినామీ అనుకుంటే డిక్రీదారు ఆ మాట మొదటి రోజే రాస్తాడు, అవతలివాడు మొదటి రోజే వస్తాడు, తగువు వేలం గుమ్మంలో కాక ఈపీ ఆరంభంలో తేలుతుంది.

మొదటి రోజే రావడం గురించి క్లెయిమ్‌దారులకీ చెప్పాలి. రూల్ 58లో రెండు తలుపులు మూసుకుపోతాయి: ఆస్తి అప్పటికే అమ్ముడైపోతే ఒకటి, కావాలనో అనవసరంగానో ఆలస్యం చేశారని కోర్టు అనుకుంటే ఇంకొకటి. అప్పుడు క్లెయిమ్ వినరు, వేరే దావా వేసుకోవాల్సిందే. వేలం తేదీ పడ్డాక వచ్చినా, విచారణ తేలేదాకా వేలం ఆపమనో, వేలం జరిపినా ఖరారు చేయవద్దనో రూల్ 59 కింద అడగవచ్చు. కోర్టు సెక్యూరిటీ కట్టమనవచ్చు. గోడ మీద కాగితం చూసి "మన బాకీ కాదు కదా, మనకెందుకు" అని ఊరుకున్నవాళ్ళే చివర్లో ఈ సెక్యూరిటీ దగ్గర ఇరుక్కుంటారు.

కాబట్టి కాగితం కనబడ్డ రోజున దాన్ని చింపకండి, ఫోటో తీయండి. అందులో ఈపీ నంబరు, కోర్టు పేరు, సర్వే నంబరు ఉంటాయి. హద్దులు మీ హద్దులతో సరిపోతున్నాయో చూడండి. సర్వే నంబరు ఒక్కటే కలిసి హద్దులు కలవకపోతే మీ క్లెయిమ్ సగం అక్కడే గెలిచినట్టు. దస్తావేజు అసలు, పాత ఈసీ, ఇంటి పన్ను రసీదులు, కరెంటు బిల్లులు జప్తు తేదీకి ముందువి తీసి పెట్టుకోండి. పిటిషన్‌లో "ఆస్తి నాది" అని రాసి వదిలేయకండి. ఎప్పుడు, ఎవరి దగ్గర, ఏ దస్తావేజుతో, డబ్బు ఏ ఖాతా నుంచి వెళ్ళింది అన్నవన్నీ మొదటి పేజీలోనే తేదీలతో రాయించండి. బాకీదారు మీకు బంధువైతే ఆ చుట్టరికం కూడా మీరే రాయండి, క్రాస్‌లో అవతలివాళ్ళ నోటి నుంచి రానివ్వకండి.